కళ్లు దిద్దని బొమ్మ

పోయిన వారం మనం రామచంద్రాన్ని అతని వాకిట్లోనే నిలబెట్టి వచ్చేశాం. గడప అవతల సారయ్య నిలబడి ఉన్నాడు. నిద్ర లేక ముఖం పీక్కుపోయింది. చొక్కా గుండీలు ఒకదాని కాజాలో ఇంకొకటి పెట్టుకున్నాడు. "అన్నా, జర నీ పట్కారియ్యి" అన్నాడు. ఎందుకని రామచంద్రం అడగలేదు. తెలియక అడగలేదనుకునేరు, తెలుసు కాబట్టే అడగలేదు.

వెనకటి సంగతి మరచిపోయినవారికి, ఈ వారమే పత్రిక పట్టుకున్నవారికి నాలుగు మాటలు చెప్పాలి. నిర్మల్ నకాశీల వాడలో తాతల కాలం నుంచీ పొనికి కర్రతో బొమ్మలు చేసే ఇల్లు రామచంద్రానిది. ఇప్పుడంటే జ్వరానికి సూది, తలనొప్పికి గోలీ వచ్చాయి గానీ, అతని తాత రోజుల్లో జనం ఈ వాడకు మళ్లింపు బొమ్మ కోసం బండ్లు కట్టుకుని వచ్చేవారు. బాధపడే మనిషిని ఎదురుగా కూర్చోబెట్టుకుని, అచ్చం ఆ మనిషిలాగే బొమ్మ చెక్కి, రంగులన్నీ వేసి, కళ్లు మాత్రం దిద్దకుండా వదిలేసేవాడు తాత. ఆ మనిషి బాధ బొమ్మలోకి మళ్లేది. తరువాత ఆ బొమ్మను సోన్ దగ్గర గోదావరిలో వదిలితే బాధ ఇక తిరిగి రాదు. వదలకముందే ఎవరైనా దానికి కళ్లు దిద్దారా, వచ్చిన బాధ వచ్చిన చోటికే పోతుంది. జ్వరాలు, కీళ్ల నొప్పులు, పిల్లల దడుపు, అంతవరకే తాత చేసేవాడు. అంతకన్నా పెద్దవాటి జోలికి పోవద్దని మనవడితో ఒట్టు వేయించుకుని మరీ కన్ను మూశాడు.

రామచంద్రం ఆ ఒట్టు తప్పాడు. తమ్ముడు లింగమూర్తికి కొన్నేళ్ల కిందట బొగ్గుబావిలో మందుతూటా పేలి రెండు కళ్లూ పోతే, ఇప్పుడు ఆ చీకటిని తీసుకెళ్లి బొమ్మలో పెట్టాడు. తమ్ముడికి చూపు వచ్చింది. బొమ్మను గోదావరికి చేర్చేలోపే వాడలో పసిపిల్లల చూపు ఒక్కొక్కరిదే పోవడం మొదలైంది.

ఇక పట్టకారు దగ్గరికి వద్దాం.

రామచంద్రం కార్ఖానాలో చింతగింజలు ఉడికించి జిగురు తీసే మనిషి ఐలవ్వ. మొగుడు పోయి చాలా ఏళ్లయింది, పిల్లలు లేరు. తోక విరిగిన చిలుకలు, రంగు సరిగ్గా ఎక్కనివి అంగడికి పోవు కాబట్టి రామచంద్రం వాటిని ఆమెకే ఇచ్చేసేవాడు. ఆమె వాటిని కొంగులో వేసుకుని వెళ్లి, దారిలో కనబడ్డ పిల్లకల్లా ఒకటి చేతిలో పెట్టేది. పిల్లలు ఆమె అడుగుల చప్పుడు విన్నారంటే తింటున్న కంచం వదిలేసి పరుగెత్తుకొచ్చేవారు. ఇప్పుడు చూపు పోయిన ప్రతి పిల్ల ఇంట్లోనూ ఐలవ్వ ఇచ్చిన చిలుక ఒకటుంది. ఈ సంగతి ఎవరో కనిపెట్టారు. బాణామతి అన్న మాట నిన్న పొద్దున ఒకరి నోట పుట్టి, దీపాలు పెట్టేవేళకు వాడంతా తిరిగింది. బాణామతి చేసేవాళ్ల పండ్లు ఊడగొడితే మంత్రం పలకదని, చేసిన మంత్రం కూడా విరిగిపోతుందని ఆ వైపు కొందరి మూఢనమ్మకం. దాని పేరు చెప్పి ఎందరు ముసలివాళ్ల నోళ్లు ఛిద్రం చేశారో దేవుడికే తెలియాలి.

సారయ్య బిడ్డ అనసూర్య ఆరేళ్ల పిల్ల. మొన్నటి నుంచి గోడలు తడుముకుంటూ నడుస్తోంది. ఆ తండ్రి వచ్చి మేకులు పీకే పట్టకారు అడిగితే అది మేకులకు కాదని తెలుసుకోవడానికి పెద్ద తెలివేమీ అక్కర్లేదు.

రామచంద్రం లోపలికి వెళ్లి పట్టకారు తెచ్చి అతని చేతిలో పెట్టాడు. తుప్పు మరకలుంటే పంచె అంచుతో తుడిచి మరీ పెట్టాడు.

మీరు అతన్ని తిట్టుకోవచ్చు, నేను అడ్డురాను. అయితే ఆ క్షణంలో అతని మనసులో ఏముందో కూడా వినండి. పిల్లల జబ్బుకూ తన బొమ్మకూ సంబంధం ఉందని అతనికి లోలోపల అనుమానం ఉంది. ఉంటే మాత్రం, ఎట్లా? బొమ్మను తానే చెక్కాడు, అటక మీద గుడ్డలో చుట్టి దాచాడు, పిల్లలెవరూ దాని నీడ కూడా తొక్కలేదు. దవాఖాన డాక్టరు ఇదేదో కొత్త కండ్ల జబ్బు కావచ్చునన్నాడు కదా! ఆ మాటను పట్టుకుని రామచంద్రం ఇన్ని రోజులూ వేలాడుతున్నాడు. పైగా ఐలవ్వను అంతా బెదిరిస్తారే గానీ నిజంగా చేస్తారా, సారయ్య అంతటివాడు కాదు అని కూడా అనుకున్నాడు. తప్పు చేసినవాడికి ఇటువంటి మాటలు ఎన్నైనా దొరుకుతాయి.

కార్ఖానాలోకి పోయి పీట మీద కూర్చున్నాడు. చేతికి పనుంటే మనసు ఊరుకుంటుందని ఒక పొనికి ముక్క తీసుకుని రంపం పెట్టాడు. చిలుక వీపు, పొట్ట, రెక్కలు చెక్కాడు. ఒళ్లో, పీట చుట్టూ తెల్లని పొట్టు రాలింది. పొట్టును పారేయడం నకాశీ ఇంట్లో ఎవరూ ఎరగరు. చింతగింజల జిగురులో ఆ పొట్టు కలిపితేనే లప్పం అవుతుంది, లప్పం పూస్తేనే ముక్కకు ముక్క అతుక్కుంటుంది, అతుకు కనబడకుండా పోతుంది. అందుకని పని అయిన ప్రతిసారీ పొట్టును అరచేత్తో ఊడ్చి పక్కనున్న లప్పం కుండలో వేయడం వాళ్లకు ఊపిరి తీసుకున్నంత మామూలు. రామచంద్రం చెయ్యి తన మానాన తాను నేలను ఊడ్చింది, దోసిలి పట్టింది, కుండలో వేసింది.

వేసి, ఆ చేతి వంక చూస్తూ ఉండిపోయాడు.

తమ్ముడి బొమ్మ చెక్కింది ఈ పీట మీదే. ఆ పొట్టు రాలింది ఈ నేల మీదే. మళ్లింపు బొమ్మ చెక్కిన పొట్టును గరిటెడు కూడా మిగల్చకుండా పొయ్యిలో వేసి కాల్చాలని తాత చెప్పింది అతనికి గుర్తుంది. కాల్చాలనే అనుకున్నాడు కూడా. కానీ కాల్చినట్టు మాత్రం ఎంత తలుచుకున్నా గుర్తు రావడం లేదు. బొమ్మ పూర్తయిన సంతోషంలో, తమ్ముణ్ణి పిలవాలన్న ఆత్రంలో ఈ చెయ్యి ఏం చేసి ఉంటుందో ఇప్పుడు అతని కళ్ల ముందే చేసి చూపించింది. ఆ కుండలోని లప్పంతో ఆ వారమంతా చిలుకలు చేశారు. తమ్ముడి చీకటి బొమ్మలో ఎంతుందో ఆ చిలుకల్లోనూ అంతే ఉంది. ఏ చిలుక ఏ పిల్ల సొత్తయితే ఆ పిల్ల కళ్లలోకి దిగింది.

"సక్కూ!" అని అరిచాడు.

భార్య సక్కుబాయి పిండి చేతులతో పరుగెత్తుకొచ్చింది. మొగుడి ముఖం చూసి గుమ్మంలోనే ఆగిపోయింది.

"ఏమాయె? గట్ల జూస్తున్నవేంది?"

"తమ్ముని బొమ్మ చెక్కిన పొట్టు... నేను కాల్చిన్నా?"

సక్కుబాయికి అర్థం కావడానికి కొంచెం సేపు పట్టింది. అర్థమయ్యాక గోడకు ఆనుకుని అట్లాగే కింద కూర్చుంది.

"పొయిల ఏస్తుంటె నేనైతె సూడలే" అంది. "ఓ దేవుడా! గా లప్పం తోని చేసిన చిలుకలు రెండు గంపలు నిన్ననే ఏములాడ జాతరకు పోయినయి గదా. రేపు శివరాత్రి. గుడి ముంగట ఎంతమంది పోరగాండ్లు కొంటరో ఏమో!"

"మొన్న దేవవ్వ మనుమడు పారేస్తె ఒక చిలుకను తెచ్చి కాల్చిన. వాని కండ్లేం రాలే."

"అంటె నీకు మొన్నటి సంది అనుమానమున్నదన్నట్టు!"

రామచంద్రం లప్పం కుండ మీద మూత పెట్టాడు.

"మరి పొద్దుగాల సారన్న ఎందుకొచ్చిండు? ఏం తీస్కపోయిండు?" అని అడిగింది సక్కుబాయి. ఆమె ఈ మాట అడుగుతుండగానే వాడ చివర నుంచి ఒక కేక వినబడింది. ముసలి గొంతు కేక అది. ఆ తరువాత ఏమీ వినబడలేదు.

రామచంద్రం చెప్పులు కూడా వేసుకోకుండా పరుగెత్తాడు.

ఐలవ్వ వాకిట్లో జనం గుండ్రంగా నిలబడి ఉన్నారు. పొద్దున్నే ఆమె చేతి చాయ తాగి పనికి పోయేవాళ్లు, ఆమె ఇచ్చిన పచ్చడితో నాలుగు ముద్దలు ఎక్కువ తిన్నవాళ్లు, అందరూ ఉన్నారు. సారయ్య బావమరుదులిద్దరు ఆమె రెండు చేతులూ వెనక్కి విరిచి పట్టుకున్నారు. తల మీది కొంగు జారిపోయింది. ఆమె పెదవుల నుంచి నెత్తురు గడ్డం మీదికి కారుతోంది. ఒక పన్ను అప్పటికే నేల మీద పడి ఉంది. పట్టకారు సారయ్య చేతిలో ఉంది. ఆ చెయ్యి రెండోదానికి సిద్ధమవుతోంది.

"ఆగుండ్రి! సారన్నా, ఆగు! నీ కాళ్లు మొక్కుత!" అంటూ రామచంద్రం మధ్యలోకి దూరి అతని మణికట్టు పట్టుకున్నాడు. "ఆమె ఏం జెయ్యలే. నేనే జేసిన. మా లింగమూర్తి చీకటిని బొమ్మల వెట్టిన. గా బొమ్మ చెక్కిన పొట్టు లప్పంల కలిసింది. గా లప్పం తోని చేసిన చిలుకలే ఐలవ్వక్క పిల్లలకిచ్చింది. ఆమెకేం ఎరుక? పాపమంత నాదే."

బావమరుదులు మెల్లగా ఐలవ్వ చేతులు వదిలేశారు. ఒకడు ఆ చేతులను తన చొక్కాకు తుడుచుకున్నాడు. సారయ్య మాత్రం పట్టకారు వంకా, రామచంద్రం వంకా మార్చి మార్చి చూశాడు.

"మరి పొద్దుగాల అడిగితె ఎందుకిచ్చినవే?" అన్నాడు. కోపంగా కూడా కాదు, నిజంగా తెలియక అడిగినట్టు అన్నాడు.

రామచంద్రం నకాశీల్లో పెద్దమనిషి. ఈ వాడలో అన్నదమ్ములు కొట్టుకుంటే తీర్పు చెప్పడానికి పిలిచేది అతన్నే. ఇప్పుడు అదే వాడ ముందు చెప్పడానికి ఒక్క అబద్ధం కూడా దొరకక నిలబడ్డాడు. సిగ్గుతో చెవులు కాలిపోతున్నాయి. భూమి చీలితే అందులో పడిపోవాలనిపించింది గానీ, నిర్మల్ నేల గట్టిది, చీలలేదు.

ఐలవ్వ కొంగుతో నోరు ఒత్తుకుని లేచి నిలబడింది. సారయ్యను చూడలేదు, బావమరుదులను చూడలేదు. నేరుగా రామచంద్రం ముందుకు వచ్చింది.

"రామచంద్రం" అంది. నోరు వాచి మాట ముద్దగా వస్తోంది. "గది మన కార్ఖానా పట్కారే. నా చేతుల తోనే ఎన్నిసార్లు తుడిసి పెట్టిన. ఒక్కటడుగుత, నిజం చెప్పు. దేనికో ఎరుకుండి ఇచ్చినవా, ఎరుక లేక ఇచ్చినవా?"

"అక్కా..."

"అక్కా గిక్కా అనకు. అడిగిందానికి చెప్పు."

వాడంతా వింటోంది. తెలియదంటే నమ్మేవాళ్లు ఇప్పటికీ కొందరుంటారు. అతనికి అది కూడా తట్టింది, అట్లా తట్టినందుకు ఇంకా సిగ్గుపడ్డాడు.

"ఎరుకుండే ఇచ్చిన" అన్నాడు.

ఐలవ్వ తల ఊపింది. వంగి నేల మీది పన్ను ఏరుకుంది. మట్టి తుడిచి కొంగు చివర ముడి వేసుకుంది.

"నా పన్ను పోతె పోయింది. ఇంగ ఎన్నేండ్లు నమిలి తింటనని" అంది. "గా పోరగాండ్లు నన్ను జూసి ఉరికొచ్చెటోళ్లు. ఇగ నా అడుగుల సప్పుడింటె ఏడుస్తరు. గది మళ్ల తెచ్చియ్యగలవా? తేలేవు. పో, ఆళ్ల కండ్లన్న తెచ్చియ్యి. నా గడప మాత్రం తొక్కకు."

లోపలికి పోయి తలుపు వేసుకుంది. సారయ్య చేతిలోని పట్టకారు కింద పడింది. అతను ఆ తలుపు ముందు మోకాళ్ల మీద కూలబడి, "అవ్వా, అవ్వా" అని పిలుస్తూ ఏడ్చాడు. తలుపు తెరుచుకోలేదు. చూస్తున్న జనంలో ఒక్కొక్కరే తలలు వంచుకుని ఇళ్లకు జారుకున్నారు. ఆ రోజు ఆ వాడలో ఎదుటివాడి ముఖం చూడగలిగిన మనిషి లేడు.

కొంతసేపటికి సారయ్య లేచి వచ్చి రామచంద్రం పక్కన నిలబడ్డాడు.

"బొమ్మకు కండ్లు దిద్దితె అన్ని తిరిగి పోతయని మా తాత చెప్పంగ విన్న. నిజమేనా?"

"నిజమే."

"పిల్లలకు వస్తయి. మరి లింగమూర్తికి?"

"వానియి పోతయి."

"వానికెరుకనా?"

"తెల్వది" అన్నాడు రామచంద్రం. "చెప్పాలె."

నిన్న సాయంత్రం ఆ బొమ్మను సంచిలో వేసుకుని సోన్ బస్సు ఎక్కుదామని బయటికి వచ్చి, ఎందుకో వెనుదిరిగిన సంగతి మాత్రం అతను సారయ్యకు చెప్పలేదు. గోదావరిలో పడేసి ఉంటే తమ్ముడి కళ్లు తమ్ముడికి ఖాయమయ్యేవి, పిల్లల చీకటి పిల్లలకు ఖాయమయ్యేది. ఆ చీకటి పిల్లలకు ఎట్లా చేరిందో నిన్న అతనికి తెలియదు గానీ, అనుమానం ఉంది. అనుమానం ఉండీ సంచి భుజాన వేసుకున్నాడు. ఇదొక్కటీ ఎవరికీ చెప్పుకోలేనిది.

ఇంటికి వచ్చేసరికి బొమ్మ అటక మీద లేదు. లింగమూర్తి ఒళ్లో ఉంది. అతను నడిమింట్లో కిటికీ వెలుగులో కూర్చుని దాన్ని అటూ ఇటూ తిప్పి చూస్తున్నాడు. అచ్చం తనలాగే ఉంది, చెంప మీది కాలిన మచ్చతో సహా. కళ్లుండవలసిన చోట మాత్రం నున్నగా, తెల్లగా ఉంది. ఒక మూలన సక్కుబాయి కొంగు నోట్లో కుక్కుకుని కూర్చుంది.

"వదినె చెప్పింది" అన్నాడు లింగమూర్తి. "నువ్వు వాడల ఒర్రింది గూడ ఇనవడ్డది."

"తమ్మీ, నేను..."

"నువ్వు నా కోసమే చేసినవు. గది నాకెరుకే అన్నా. బాయి పనికి నన్ను తోలింది నువ్వేనని నీ కడుపుల బాధ. నేనెన్నడన్న అన్ననా?"

రామచంద్రం అతని ముందు చతికిలబడ్డాడు. తమ్ముడు తనను తిడితే బాగుండునని ఎంతో ఆశపడ్డాడు. లింగమూర్తి తిట్టలేదు. ఒళ్లోని బొమ్మను తీసి అన్న చేతిలో పెట్టాడు.

"దిద్దు" అన్నాడు. "బస్సొచ్చెలోపు దిద్దు."

"ఏం బస్సు?"

"మంచిర్యాల బస్సు. నాకు కండ్లొచ్చినయని శ్రీరాంపూర్‌కు కబురంపిన. నీ మరదలు పోరిని తీస్కొని ఇయ్యాల్నే వస్తుంది. నా కండ్లు పోయినంక పుట్టిన పిల్ల. నాలుగేండ్లాయె, చేతులతోని తడుముడే గని ముఖమెట్లుంటదో చూడలే."

"అయితె ఆగుదం" అన్నాడు రామచంద్రం గబగబా. "ఒక్క గంట తోని ఏమైతది? కండ్ల నిండ సూసుకో. అటెంక దిద్దుత. నేను సారన్నకు చెప్త."

"వద్దు."

"ఒక్క గంట, తమ్మీ!"

"వద్దన్నా. నా సంగతి నాకెరుకే. దాని ముఖం ఒక్కసారి సూసిన్నంటె ఇగ గీ బొమ్మ నీకియ్య. వాడకట్టు పోరలు గుడ్డోళ్లయితె నాకేందంట. గప్పుడు నువ్వు నన్ను కొట్టి గుంజుకోలేవు. సూడకముందే దిద్దు."

తాను ఇవ్వజూపిన ఆ గంట తమ్ముడి మీది ప్రేమ కాదని రామచంద్రానికి అప్పుడు తెలిసింది. తమ్ముడి ఉసురు తనకు తగలకుండా ఉండాలని అడిగాడు. ఈ ఇంట్లో ధైర్యమంతా ఒక్కడికే వచ్చిందని, అది తాను కాదని కూడా తెలిసింది.

అతను లేచి నలుపు నూరాడు. ఉడుత వెంట్రుకల కుంచె తడిపి మొన తీశాడు. గడప బయట సారయ్య బిడ్డను చంకనెత్తుకుని నిలబడి ఉన్నాడు. లోపలికి రమ్మంటే రాలేదు. లింగమూర్తి ఒకసారి ఇల్లంతా కలయజూశాడు. రంగు గిన్నెలను, దండెం మీది బట్టలను, వదినె ముఖాన్ని, చివరికి అన్న ముఖాన్ని చూశాడు. "శానా ముసలోనివైనవన్నా" అని నవ్వాడు.

రామచంద్రం బొమ్మ కుడి కన్ను దిద్దాడు. రెప్ప గీత, గుడ్డు, నడుమ చుక్క.

లింగమూర్తి తల ఒక పక్కకు అదిరింది. "కుడిది పోయింది" అన్నాడు మెల్లగా.

బయట అనసూర్య గొంతు వినబడింది. "బాపూ, నీ గడ్డం కండ్లవడ్డది! ఒక్క దిక్కే అవుపడుతుంది బాపూ!" సారయ్య భోరుమన్నాడు. వాడలో ఎక్కడో ఇంకో పిల్ల అరిచింది, ఆ తరువాత మరో ఇంట్లో ఎవరో తల్లి.

రామచంద్రం కుంచెను మళ్లీ నలుపులో ముంచాడు. ఎడమ కన్ను మీదికి వంగాడు. సరిగ్గా అప్పుడే వాకిట్లో ఎవరిదో పరుగు, కాలి గజ్జెల చప్పుడు, వెనకనే "నిమ్మళం, పడతవు!" అంటున్న ఆడమనిషి గొంతు వినబడ్డాయి. బస్సు ఎప్పుడు వచ్చిందో ఎవరూ వినలేదు.

"బాపూ!" అని ఒక నాలుగేళ్ల పిల్ల గుమ్మంలోకి వచ్చి నిలబడింది.

లింగమూర్తి చటుక్కున అరచేత్తో ఎడమ కన్ను మూసుకున్నాడు. "దిద్దన్నా! జల్ది దిద్దు!" అని అరిచాడు.

రామచంద్రం చేతిలో కుంచె గాల్లోనే ఉంది. అతను బొమ్మను చూడడం లేదు. తమ్ముడి కంటి మీద గట్టిగా బిగిసి ఉన్న వేళ్లను చూస్తున్నాడు. ఆ వేళ్లు ఒకదాని నుంచి ఒకటి మెల్లగా విడివడుతున్నాయి.